ఇంటిపేరు మారిన మనిషి: రెండు ఫోటోలు, మూడు నిమిషాల ఫిల్మ్

తెలుగువాళ్ల పేరులో ఇంటిపేరు ముందు నడుస్తుంది. పెళ్లయ్యాక ఆడవాళ్ల పేరులో మారిపోయేదీ ఎక్కువగా అదే. టెన్త్ మెమోలో పుట్టింటి పేరు, ఆధార్‌లో అత్తింటి పేరు, బ్యాంకు పాస్‌బుక్కులో ఏదో ఒక పొడి అక్షరం. మనిషి ఒక్కరే, కాగితానికో పేరు. "నేనెవరు" అన్న ప్రశ్న మీద పోర్ట్రెయిట్లు తీయాలనుకునేవాళ్లు ముసుగులు, పగిలిన అద్దాలు, పొగ అంటూ వెతుక్కుంటారు గానీ, కావలసిన సరుకు ప్రతి ఇంటి బీరువాలో కాగితాల కట్టగా పడుంది.

ఇక్కడ చెప్పేది ఎనిమిది మంది స్త్రీలతో చేసే సిరీస్ గురించి. ఒక్కొక్కరికి రెండు ఫోటోలు, ఒక మూడు నిమిషాల కదిలే పోర్ట్రెయిట్. నలుగురైతే సిరీస్ అనిపించదు. ఇరవై మంది అని మొదలుపెడితే ఆరోవారి దగ్గరే ఊపు పోతుంది. మీ విషయం వేరే కావచ్చు: ఊరు మారినవాళ్లు, కులవృత్తి వదిలేసినవాళ్లు, పేరు తామే మార్చుకున్నవాళ్లు. కొలతలూ పద్ధతీ అవే పనికొస్తాయి.

మొత్తం పని ఒక్క మాట మీద నడుస్తుంది. మారకూడనివన్నీ ముందే బిగించేయాలి. లెన్సు, దూరం, కెమెరా ఎత్తు, వెలుతురు వచ్చే వైపు, వెనక గుడ్డ, ఫ్రేము కొలత ఎనిమిది మందికీ ఒకటే ఉంటే, పక్కపక్కన పెట్టినప్పుడు తేడాగా కనిపించేది మనిషి ఒక్కరే. ఒకామె దగ్గర కెమెరా అరడుగు కిందికి దిగిందనుకోండి, ఆమె గర్విష్టిలా కనిపిస్తుంది. చూసేవాళ్లు అది ఆమె స్వభావం అనుకుంటారు. తప్పు ట్రైపాడ్‌ది.

కెమెరా లేకుండా ఒక గంట

మొదటిసారి ఉత్త చేతులతో వెళ్లండి. పేరు సంగతి వినాలి, గది చూడాలి, ఒప్పుదల కాగితం చదివి వినిపించాలి.

"గుర్తింపు అంటే మీకేమిటి?" అని అడిగితే టీవీ ఇంటర్వ్యూ జవాబు వస్తుంది. చేతికి, చెవికి తగిలేలా అడగాలి. "సంతకం పెట్టేటప్పుడు చెయ్యి ఎక్కడైనా ఆగుతుందా అమ్మా?" "పాత ఇంటిపేరుతో మిమ్మల్ని ఇప్పటికీ పిలిచేవాళ్లు ఎవరైనా ఉన్నారా?" "ఆస్పత్రిలో పేరు పిలిస్తే ఎన్నోసారికి మీదేనని తెలుస్తుంది?" జవాబులు అప్పుడే రికార్డు చేయొద్దు, నోట్సు రాసుకోండి చాలు. ఒకసారి చెప్పేసిన మాట కెమెరా ముందు రెండోసారి చెబితే అప్పజెప్పినట్టుంటుంది. అందుకే ఆమె బాగా చెప్పబోతోందనిపించిన చోట మాట మార్చి, ఆ సంగతి షూటింగు రోజుకి దాచుకోవాలి.

ఒప్పుదల కాగితం ఒక్క పేజీ, పెద్ద అక్షరాల్లో, తెలుగులో ఉండాలి. ఫోటో ఎక్కడెక్కడ పెడతారు, ఆన్‌లైన్‌లో పెడతారా లేదా, పేరు వేస్తారా, వేస్తే ఏ పేరు, ఎప్పటిలోగా ఆమె వద్దనొచ్చు, డబ్బు ఉందా లేదా, ఆమెకి ఏ సైజు ప్రింటు ఇస్తారు. ఇవన్నీ ఉండాలి. చదవడం రాకపోతే ఆమె నమ్మే మనిషిని పక్కన కూర్చోబెట్టి గట్టిగా చదవండి. సంతకం రెండుసార్లు తీసుకోవడం మంచిది. షూటింగు ముందు ఒకటి, ఎంపిక చేసిన ఫోటోలు చూపించాక ఇంకొకటి. మొదటి సంతకం మీ మీద నమ్మకానికి, రెండోది ఫోటోకి.

తన పేరున్న కాగితం ఒకటి తెమ్మనండి: మెమో, శుభలేఖ, రేషన్ కార్డు, ఏదైనా సరే. అది ఫ్రేములోకి వచ్చేట్టయితే నంబర్లు ముందే కప్పాలి. ఆధార్‌లో మొదటి ఎనిమిది అంకెలు, క్యూఆర్ కోడ్, మెమోలో హాల్‌టికెట్ నంబరు, పుట్టిన తేదీ. చిన్న కాగితం ముక్క, కొంచెం జిగురు టేపు చాలు. తర్వాత కంప్యూటర్లో చెరుపుదాంలే అనుకుంటే అసలు ఫైల్లో అవి అలాగే ఉండిపోతాయి, ఆ ఫైలు ఎవరి చేతికి వెళ్తుందో చెప్పలేం.

గది, గుడ్డ, వెలుతురు

నేరుగా ఎండ పడని కిటికీ కావాలి. ఉత్తరం వైపుది దొరికితే రోజంతా ఇబ్బంది లేదు. లేదంటే పొద్దున పడమటి కిటికీ, మధ్యాహ్నం తర్వాత తూర్పు కిటికీ. మూడడుగుల వెడల్పు, నాలుగడుగుల ఎత్తు ఉంటే బాగా సరిపోతుంది. మన కిటికీలకి ఊచలుంటాయి. దగ్గరగా తీసిన పోర్ట్రెయిట్‌లో కంటిపాప మీద మెరిసే కిటికీ ఆకారంలో ఆ ఊచలు స్పష్టంగా పడతాయి. ఇంటిపేరు మీద చేసే సిరీస్‌లో ప్రతి కంట్లోనూ జైలు ఊచలు కనిపిస్తే అది మీరు అనుకోకుండా చెప్పిన మాట అవుతుంది. ఊచల మీద బటర్ పేపరు అతికించండి. రెండు పొరలు వేస్తే మెత్తదనం పెరుగుతుంది, కానీ వెలుతురు బాగా తగ్గుతుంది. మొదట ఒక పొరతో చూడండి.

స్టూలు కిటికీకి నాలుగడుగుల దూరంలో, వెలుతురు ముఖానికి ఏటవాలుగా, సుమారు 45 డిగ్రీల నుంచి వచ్చేట్టు వేయండి. ఆరేడు అడుగులకి జరిపితే కిటికీ ముఖానికి చిన్నదైపోతుంది, నీడ అంచులు గట్టిపడతాయి. చీకటి పడిన చెంప వైపు మూడడుగుల దూరంలో తెల్ల థర్మాకోల్ షీటు నిలబెట్టండి. నీడ మరీ నలుపుగా ఉంటే దగ్గరికి జరపండి, ముఖం చదునుగా అనిపిస్తే దూరం చేయండి. ఎంత దూరంలో పెట్టారో టేపుతో కొలిచి ఒక కొలతల పుస్తకంలో రాసుకోవాలి. "అటూఇటుగా ఇక్కడే" అనే మాట ఈ పనికి పనికిరాదు.

అందరూ మర్చిపోయే విషయం గోడ రంగు. ఆకుపచ్చ, నీలం, గులాబీ రంగు గోడలు మన ఇళ్లలో మామూలే. కిటికీ వెలుతురు ఆ గోడ మీద పడి తిరిగొచ్చి గడ్డం కింద, మెడ మీద అదే రంగు పూస్తుంది. కంటికి తెలియదు, ఫోటోలో మనిషికి జబ్బు చేసినట్టుంటుంది. వైట్ బ్యాలెన్స్ (కెమెరాలో మొత్తం రంగుని సరిచేసే సెట్టింగు) మార్చినా పోదు, ఎందుకంటే ఆ రంగు ముఖంలో సగానికే ఉంటుంది. ముఖానికి దగ్గరగా ఉన్న గోడకి తెల్ల దుప్పటో నల్ల గుడ్డో కట్టేయడమే దారి. ట్యూబులైట్లు, బల్బులు అన్నీ ఆపేయాలి.

వెనక గుడ్డకి బూడిదరంగు మందపాటి నూలు గుడ్డ తీసుకోండి. ఏడడుగుల వెడల్పు, తొమ్మిదడుగుల పొడవు. స్టాండ్లు లేకపోతే దండెం కట్టి క్లిప్పులు పెట్టండి. మెరిసే సింథటిక్ గుడ్డ వద్దు, వెలుతురు చారికలు పడతాయి. ముందు రోజు రాత్రి నీళ్లు చిలకరించి వేలాడదీస్తే చాలా ముడతలు బరువుకే పోతాయి. మనిషికీ గుడ్డకీ మధ్య ఐదడుగులు వదలాలి. రెండడుగులే వదిలితే తల నీడ గుడ్డ మీద పడుతుంది, ముడతలు కూడా ఫోకస్‌లోకి వస్తాయి. ఎనిమిది ఇళ్లకీ అదే గుడ్డ మోసుకెళ్లాలి. మాలీ దేశంలోని బమాకోలో 1948లో స్టూడియో పెట్టిన సేదూ కేయితా మొదట తెరగా వాడింది తన పక్క మీది దుప్పటినే. తెరలు రెండు మూడేళ్లకోసారి మార్చేవాడు. చాలా ఏళ్ల తర్వాత ఏ ఫోటో ఎప్పటిదో పోల్చుకోవడానికి ఆ తెరలే ఆధారమయ్యాయి. తెర మారితే కాలం మారినట్టు కనిపిస్తుంది. సిరీస్ మధ్యలో గుడ్డ మార్చకూడదనడానికి అదే కారణం.

లెన్సు, దూరం, ఎత్తు

ఫుల్‌ఫ్రేమ్ కెమెరాకి 85 ఎం.ఎం. లెన్సు, చిన్న సెన్సర్ కెమెరాకి 50 లేదా 56 ఎం.ఎం. సరిపోతుంది. ఫోన్ అయితే 2ఎక్స్ లేదా 3ఎక్స్ కెమెరా, ఎప్పుడూ ఒకటే. మనిషికీ కెమెరాకీ మధ్య రెండు మీటర్లు. ముక్కు పెద్దదిగా, చెవులు వెనక్కి పోయినట్టు రావడం లెన్సు తప్పు అనుకుంటారు గానీ, అది దూరం తప్పు. అరమీటరు దూరం నుంచి ఏ లెన్సుతో తీసినా అంతే.

కెమెరా ఎత్తు ఆమె కంటి ఎత్తుకి. స్టూలు మీద కూర్చున్నాక టేపు పెట్టి నేల నుంచి కంటికి ఎంతుందో కొలిచి, లెన్సు మధ్య భాగాన్ని అక్కడికి తేవాలి. పైనుంచి తీస్తే మనిషి ఒదిగిపోయినట్టుంటుంది, కింది నుంచి తీస్తే చౌరస్తాలో కట్టిన ఫ్లెక్సీ నాయకుడిలా ఉంటుంది. స్టూలు కాళ్ల దగ్గర, ట్రైపాడ్ కాళ్ల దగ్గర నేల మీద టేపు ముక్కలు అతికించండి. ఆమె మంచినీళ్లకి లేచి వచ్చినా అన్నీ అక్కడే ఉంటాయి.

అపర్చర్, అంటే లెన్సు తెరుచుకునే మేర, ఎఫ్/4. ఇంకా పెద్దగా తెరిచి ఎఫ్/1.8 వాడితే వెనక భాగం మెత్తగా కరిగిపోయి అందంగా ఉంటుంది నిజమే. కానీ 85 ఎం.ఎం. లెన్సుతో రెండు మీటర్ల దగ్గర ఫోకస్ లోతు సుమారు 6 సెంటీమీటర్లే. కన్ను స్పష్టంగా ఉండి చెవి కమ్మ కరిగిపోతుంది. ఎఫ్/4 దగ్గర అది 13 సెంటీమీటర్ల దాకా వస్తుంది. ఫోన్లో పోర్ట్రెయిట్ మోడ్ అసలే వద్దు. చెదిరిన వెంట్రుకల్ని, జడలోని మల్లెల్ని, జుంకాల అంచుల్ని అది కత్తిరించేస్తుంది. ఈ సిరీస్‌లో మనకి కావలసినవే అవి.

ఐ.ఎస్.ఓ. (వెలుతురుకి కెమెరా ఎంత స్పందించాలో చెప్పే సెట్టింగు) 400 దగ్గర, కిటికీ వెలుతురులో, ఎఫ్/4కి షటర్ సెకనులో 60 నుంచి 125వ వంతు మధ్య వస్తుంది. కూర్చున్న మనిషికి అది చాలు.

మొదటి ఫోటో: కాగితం అడిగే ముఖం

దరఖాస్తులకి అడిగే 35×45 మి.మీ. ఫోటో లాంటిదే ఇది. వెనక తెల్ల దుప్పటి, ముఖం నేరుగా, రెండు చెవులూ కనబడాలి, నవ్వు లేదు, కత్తిరించాక తల ఎత్తు ఫ్రేములో 70 నుంచి 80 శాతం. స్టూలు కిటికీ వైపు తిప్పి ముఖమంతా సమంగా వెలుతురు పడేట్టు చేయండి. మీరు కిటికీకి వీపు పెట్టి నిలబడితే మీ నీడే ఆమె మీద పడుతుంది. ట్రైపాడ్ పెట్టి పక్కకి తప్పుకోండి. ఇక్కడ ఆమెకి ఏ ఎంపికా ఇవ్వకూడదు. కూర్చోండి, ఇటు చూడండి, అయిపోయింది. మూడు క్లిక్కులు, అంతే. ఆఫీసు కాగితం మనిషిని ఎలా చూస్తుందో ఈ ఫోటో అలాగే చూడాలి.

ఎక్కువ తప్పులు జరిగేది ఎక్స్‌పోజర్ దగ్గర. వెనక తెల్ల దుప్పటి, ఒంటి మీద లేత రంగు చీర ఉంటే కెమెరా మీటరు అదంతా బూడిదరంగులోకి లాగాలని చూస్తుంది. ముఖం ఒక స్టాపు దాకా, అంటే వెలుతురు సగమైనంతగా, చీకటి పడుతుంది. దాన్ని సరిచేయబోయి తర్వాత కంప్యూటర్లో ముఖాన్ని పైకి లాగితే రంగు పాలిపోతుంది. సరైన పద్ధతి ఇది. మాన్యువల్ మోడ్ పెట్టండి. 18 శాతం గ్రే కార్డు (వెలుతురు కొలవడానికి వాడే బూడిదరంగు అట్ట) ఆమె చెంప పక్కన పట్టించి, ఆ కార్డుని బట్టి ఎక్స్‌పోజర్, వైట్ బ్యాలెన్స్ రెండూ బిగించండి. ఇక ఆ వెలుతురులో ఎవరు కూర్చున్నా ఎవరి చాయ వారికి ఉన్నట్టుగానే వస్తుంది. పచ్చని చాయ పచ్చగా, చామనచాయ చామనచాయగా, నలుపు నలుపుగా.

ఈ మాట గట్టిగా చెప్పడానికి కారణం ఉంది. కోడాక్ కంపెనీ ల్యాబుల్లో రంగు సరిచూసుకోవడానికి దశాబ్దాల పాటు పంపిన కార్డు మీద ఉన్నది తెల్లజాతి యువతి. ఆ కార్డుకి షర్లీ అని పేరు. ముదురు చర్మాలు కూడా ఉన్న కార్డు 1990ల్లో గానీ రాలేదు. ఆ అలవాటు ఇప్పుడు ఫోన్లో 'బ్యూటీ' బటన్‌గా, ల్యాబులో 'కరెక్షన్'గా మిగిలింది. ఫోన్లో ఆ బటన్లన్నీ ఆపండి. ముదురు చర్మాన్ని చూపించాలంటే ఎక్స్‌పోజర్ పెంచడం కాదు, వెలుతురుని పెద్దది చేసి దగ్గరికి తేవాలి. చెంప ఎముక మీద, ముక్కు వారగా మెత్తని మెరుపు పడితే ముఖం ఆకారం దానంతటదే లేస్తుంది. పౌడరు రాయనివ్వొద్దు, ఫోటోలో బూడిద పూసినట్టుంటుంది. చెమట మెరిస్తే మెత్తని రుమాలుతో అద్దాలి, తుడవకూడదు. కళ్లజోడులో కిటికీ మెరుస్తుంటే చెవుల మీది కాడల్ని కొద్దిగా పైకెత్తండి, అద్దాలు కిందికి వంగి మెరుపు తప్పుకుంటుంది.

జరీ చీర అయితే ఎక్స్‌పోజర్ స్టాపులో మూడోవంతు తగ్గించండి. ముదురు ఎరుపు పట్టు అయితే హిస్టోగ్రామ్‌లో (ఫోటోలో వెలుగునీడలు ఎంతెంతున్నాయో చూపే గ్రాఫు) ఎరుపు రంగు గీతను విడిగా చూడండి. మొత్తం గీత బాగానే ఉన్నా ఎరుపు ఒక్కటే అంచు దాటిపోయి, చీర నేత కనబడకుండా ఎర్ర ముద్దలా తేలుతుంది.

రెండో ఫోటో: నొక్కేది ఆమె

బూడిదరంగు గుడ్డ, ఏటవాలు వెలుతురు, ముందు చెప్పిన కొలతలు. కెమెరా నిలువుగా, ఫ్రేము 4:5. మిగతా అంతా ఆమె ఇష్టం. ఏ చీర, అసలు చీరేనా, బొట్టు ఉండాలా, కాగితం చేతిలో పట్టుకోవాలా ఒళ్లో పెట్టుకోవాలా, ఎటు చూడాలి. రిమోట్ ఆమె చేతికివ్వండి. కెమెరా స్క్రీన్ ఆమె వైపు తిప్పొద్దు, చూసుకుంటూ సర్దుకోవడంలోనే సమయం పోతుంది. రిమోట్ ఫ్రేములో కనిపించినా పర్వాలేదు. దాన్ని దాచమనకండి.

పన్నెండు క్లిక్కులు మాత్రమే అని ముందే చెప్పాలి. ఆరు బై ఆరు ఫిల్మ్ కెమెరాలో 120 రోలుకి వచ్చేవి పన్నెండే. ఆ లెక్క డిజిటల్‌లోనూ బాగా పనిచేస్తుంది. లెక్క లేకపోతే అరవై నొక్కి, అరవైలోనూ ఒకే ముఖం పెడతారు. పన్నెండే అంటే ఐదో దాని దగ్గర ఆగి ఆలోచిస్తారు. అక్కణ్నుంచి చూడదగ్గవి వస్తాయి. తన మీద తనకి కెమెరా అధికారం దొరికితే ఏమవుతుందో ఫోటోగ్రాఫర్ శామ్యూల్ ఫోసో పని చూస్తే తెలుస్తుంది. 1975లో, పదమూడేళ్ల వయసులో మధ్య ఆఫ్రికా రిపబ్లిక్‌లోని బాంగీ నగరంలో స్టూడియో తెరిచి, గిరాకీ ఫోటోలు తీయగా రోల్లో మిగిలిపోయిన ఫ్రేముల్లో తనని తానే తీసుకుని నైజీరియాలో ఉన్న అమ్మమ్మకి పంపేవాడు. మీ సొంత ముఖంతో సాధన చేయాలన్నా అదే దారి. ప్రతి షూటింగు చివర రెండు ఫ్రేములు మీకోసం వదులుకోండి. ఎదుటివాళ్లని ఎక్కడ ఇబ్బంది పెడుతున్నారో కూడా అప్పుడే తెలుస్తుంది.

గదిలో ఎవరున్నారన్నది లెన్సు కంటే ముఖ్యం. భర్త, అత్తగారు, పిల్లలు గుమ్మంలో నిలబడి "నవ్వమ్మా", "కొంగు సర్దుకో" అంటుంటే ముఖం వాళ్ల కోసం తయారవుతుంది. బయటికి వెళ్లమని చెప్పడం మర్యాద కాదు. ముందు అందరినీ కలిపి ఒక కుటుంబం ఫోటో తీయండి, బాగా తీయండి, ప్రింటు ఇస్తానని చెప్పండి. ఆ తర్వాత "గంటసేపు ఇక్కడ నిశ్శబ్దం కావాలండీ" అంటే వాళ్లే తలుపు వేస్తారు. తీసేది మగవాళ్లయితే గదిలో ఉండాల్సిన సహాయకురాలు స్త్రీ అయితే మేలు. 1886లో సికింద్రాబాద్‌లో స్టూడియో పెట్టిన రాజా దీన్ దయాళ్, పరదా పాటించే స్త్రీల కోసం 1892లో హైదరాబాద్‌లో జనానా స్టూడియో విడిగా పెట్టి, దాన్ని నడపడానికి కెన్నీ-లెవిక్ అనే మహిళను నియమించాడు. కెమెరా వెనక ఎవరున్నారన్నది ముందున్న ముఖాన్ని మారుస్తుందని అప్పటికే తెలుసు.

కదిలే పోర్ట్రెయిట్

రెండో ఫోటో అవగానే, ఏదీ కదపకుండా, వీడియోకి మారండి. మాటల్లేవు. "నాలుగు నిమిషాలు ఊరికే కూర్చోండమ్మా, కెమెరాని చూసినా చూడకపోయినా మీ ఇష్టం" అనాలి. అంతకంటే ఒక్క ముక్క ఎక్కువ చెప్పినా నటన మొదలవుతుంది.

అమెరికన్ కళాకారుడు ఆండీ వార్హోల్ న్యూయార్క్‌లో 1964 నుంచి 1966 దాకా తన దగ్గరికి వచ్చినవాళ్లని ఇలాగే కూర్చోబెట్టి తీశాడు. వంద అడుగుల 16 ఎం.ఎం. రోల్లో నాలుగు వేల ఫ్రేములు. సెకనుకి 24 చొప్పున తీస్తే మూడు నిమిషాలు నిండకుండానే అయిపోతుంది. దాన్ని సెకనుకి 16 చొప్పున వేసి చూపిస్తే నాలుగు నిమిషాలు దాటుతుంది. ఆ నిదానంలో రెప్పపాటు కూడా ఒక సంఘటన అవుతుంది.

మన కెమెరాల్లో దీనికి లెక్క ఇలా వేసుకోవాలి. సెకనుకి 50 ఫ్రేముల చొప్పున తీసి 25 ఫ్రేముల టైమ్‌లైన్‌లో వేస్తే సరిగ్గా సగం వేగం. 25లో తీసి కంప్యూటర్లో నెమ్మది చేస్తే ఫ్రేములు రెండేసిసార్లు వచ్చి కుదుపుగా ఉంటుంది. షటర్ సెకనులో 100వ వంతు. మన కరెంటు 50 సైకిళ్లది కాబట్టి పక్కగదిలో లైటు వెలుగుతున్నా 100వ వంతు దగ్గర చారలు పడవు. 60 లేదా 125 పెడితే తెర మీద చీకటి పట్టీలు పడొచ్చు. చాలామంది అమెరికా వీడియోలు చూసి 60 ఫ్రేములు పెట్టి ఇక్కడే దెబ్బతింటారు. అపర్చర్ ఎఫ్/5.6కి మార్చండి, మనిషి ఊపిరితో ముందుకీ వెనక్కీ ఊగుతుంది కాబట్టి లోతు కావాలి. అలా తగ్గిన వెలుతురుని ఐ.ఎస్.ఓ. పెంచి సరిచేసుకోండి. ఫోకస్ మాన్యువల్‌లో దగ్గరి కంటి మీద బిగించాలి. ఫోన్ అయితే స్క్రీన్ మీద ముఖం దగ్గర వేలు అదిమిపెట్టి ఎక్స్‌పోజర్, ఫోకస్ రెండూ లాక్ చేయాలి. లేదంటే ఆమె కొంగు కదిపినప్పుడల్లా ముఖం వెలుగుతూ ఆరుతూ ఉంటుంది. సన్న గళ్ల చీరలు వీడియోలో ఇంద్రధనుస్సులా అలలు తేలతాయి. ముందే పది సెకన్లు తీసి పెద్ద తెర మీద చూసుకోండి. అలలు వస్తే కెమెరాని నాలుగంగుళాలు ముందుకో వెనక్కో జరిపితే చాలాసార్లు పోతాయి. జరిపారని పుస్తకంలో రాయండి.

200 ఎంబీపీఎస్ నాణ్యతలో నిమిషానికి 1.5 జీబీ, అంటే నాలుగు నిమిషాలకి 6 జీబీ. ఆ ఇంటి నుంచి బయటికి అడుగు పెట్టకముందే రెండు చోట్ల కాపీ ఉండాలి.

రికార్డు బటన్ నొక్కాక మీరు కెమెరా వెనక నిలబడొద్దు. గోడ వైపు తిరిగి కూర్చోండి. మొదటి నలభై సెకన్లు ఫోటో ముఖమే ఉంటుంది: బిగిసిన భుజాలు, మూసిన పెదవులు. నిమిషం దాటాక విసుగు. ఆ తర్వాత, ఇంకేం చేయాలో తెలియక, చెయ్యి నల్లపూసల మీదికో జడ మీదికో పోతుంది. చూపు కిటికీ వైపు వెళ్లి అక్కడ ఉండిపోతుంది. గొంతులో ఏదో మింగినట్టు కదలిక. కావలసినది అక్కడుంది. నాలుగు నిమిషాల్లో అలాంటి 90 సెకన్లు ఏరితే, సగం వేగంలో అవే మూడు నిమిషాలు అవుతాయి. లోపల ఎక్కడా కత్తిరించకండి. నచ్చని పది సెకన్లు తీసేయాలనిపిస్తే, మొత్తం 90 సెకన్లనే ముందుకో వెనక్కో జరిపి చూడండి.

గొంతు

వీడియో అవ్వగానే అదే గదిలో గొంతు విడిగా రికార్డు చేయాలి. పెదవుల కదలికతో కలపాల్సిన అవసరం లేదు కాబట్టి ఈ పని తేలిక. ఫ్యాను, ఫ్రిజ్ ఆపేయండి. ఫ్రిజ్ ఆపినప్పుడు మీ బండి తాళాలు దాంట్లో పెట్టండి, మళ్లీ ఆన్ చేయకుండా ఇంటికి వెళ్లలేరు. కాలరు మైకు పట్టుచీర మీద గరగర మంటుంది, గొలుసు తగిలినప్పుడల్లా టిక్కుమంటుంది. చిన్న రికార్డరుని స్టాండు మీద నోటికి అడుగు దూరంలో, కొంచెం పక్కకి పెడితే మేలు. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్, గట్టిగా పలికిన మాట రికార్డరు మీటరులో మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆగాలి. చివర ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం ఉత్త గది శబ్దం రికార్డు చేయండి, మాటల మధ్య అతుకులకి అదే పనికొస్తుంది. వీధిలో పాత సామాన్లవాడి కేక పడితే ఉంచేయండి. కుక్కర్ విజిల్ పడితే మాత్రం మళ్లీ తీయాలి, చూసేవాళ్ల దృష్టంతా రెండో విజిల్ మీదికి పోతుంది.

అడగాల్సింది ఒక్కటే. ఇన్నేళ్లలో తనని పిలిచిన పేర్లన్నీ, గుర్తొచ్చిన వరసలో చెప్పమనండి. ఇంటిపేర్లు, ముద్దుపేర్లు, "ఫలానావాళ్ల కోడలు", "చిన్నీ వాళ్లమ్మ", హాజరుపట్టీలో టీచరు పలికిన తీరు. చివర, తనకి నచ్చినట్టు తన పూర్తి పేరు. దాన్ని మూడు నిమిషాల ఫిల్మ్‌లో ఎక్కడ వినిపించాలన్నది మీ ఎంపిక. ఒక సలహా: మొదటి నిమిషం నిశ్శబ్దంగా వదిలేయండి.

ఏరడం, ప్రింటు, కింద రాత

ఫోటోలు స్క్రీన్ మీద ఏరొద్దు. అన్నిటినీ 4×6 చౌక ప్రింట్లుగా వేయించి నేల మీద పరచండి, వారం అలాగే ఉంచండి. మొదటిరోజు అందంగా కనిపించినవి నాలుగోరోజుకి నిలబడవు. పక్కపక్కన పెట్టే రెండు ఫోటోల్లో కళ్లు ఒకే ఎత్తులో ఉండాలి. పావు అంగుళం తేడా ఉన్నా కంటికి తెలిసిపోతుంది.

ప్రదర్శనకి 12×18 అంగుళాలు. 300 డీపీఐకి 3600×5400 పిక్సెల్స్ కావాలి, 24 మెగాపిక్సెల్ కెమెరా ఫైలు దానికి సరిపోతుంది. కానీ 4:5కి కత్తిరించిన ఫోటోని 12×15గానే వేసి చుట్టూ తెల్ల అంచు వదలండి, సాగదీయొద్దు. మ్యాట్ కాగితం తీసుకోండి, నిగనిగలాడే కాగితం మీద గ్యాలరీ లైట్లు ముఖాల మీదే పడతాయి. ల్యాబులో ఇచ్చేటప్పుడు "కరెక్షన్ వద్దు" అని నోటితో చెప్పి, కవరు మీద కూడా రాయండి. చెప్పకపోతే ఎనిమిది ముఖాలూ ఒక మెట్టు తెల్లబడి వస్తాయి, మీరు గ్రే కార్డుతో చేసిన పనంతా పోతుంది. ముందు ఒక్క ప్రింటు వేయించి, పగటి వెలుతురులో చూసి, మిగతావి ఇవ్వాలి. ఫిల్మ్‌ని ప్రొజెక్టరుతో వేస్తే ముఖం నిజమైన సైజులోనే ఉండాలి. గోడంత పెద్దది చేస్తే సినిమా అయిపోతుంది.

కింద రాసే మాట దగ్గర జాగ్రత్త. 1868 నుంచి 1875 దాకా బ్రిటిష్ ప్రభుత్వం ఎనిమిది సంపుటాల్లో 468 ఫోటోలు అచ్చువేసింది. భారతదేశపు జాతులనీ కులాలనీ వర్గీకరించే పని అది. చాలా ఫోటోల కింద మనిషి పేరు లేదు, తెగ పేరో కులం పేరో ఉంది. "తెలంగాణ గృహిణి", "కోస్తా మహిళ" అని రాసినా మనం చేసేది అదే పని. ఆమె చెప్పిన పేరు, ఆమె చెప్పిన వరసలో, ఫోటో తీసిన ఊరు, సంవత్సరం. చాలు. పేరు వద్దంటే ఖాళీగా వదిలేయండి, "పేరు మార్చబడినది" అని ఇంకో పేరు తగిలించకండి. ఈ సిరీస్‌లో అది మూడో ఇంటిపేరు అవుతుంది.

కొలతల పుస్తకం పారేయొద్దు. దక్షిణాఫ్రికాలో జనేలే ముహోలి 2006లో మొదలుపెట్టిన నలుపు-తెలుపు పోర్ట్రెయిట్లలో కొందరిని ఏళ్ల తర్వాత మళ్లీ తీశారు. ఐదేళ్లకి మీరూ అదే స్టూలు, అదే గుడ్డ, అదే రెండు మీటర్లతో వెళ్లొచ్చు, పుస్తకం ఉంటేనే.

ఆమెకి ఇవ్వాల్సిన ప్రింటు ప్రదర్శన మొదలయ్యే ముందే చేరాలి. రెండో ఫోటోనే ఇవ్వండి. వెనక పేరు రాసేటప్పుడు బాల్‌పెన్ను వాడొద్దు, ముందువైపు గాడి పడుతుంది. జెల్ పెన్ను సిరా పక్క ప్రింటుకి అంటుకుంటుంది. 2బీ పెన్సిల్‌తో, ప్రింటుని గట్టి బల్ల మీద బోర్లించి, అంచుకి దగ్గరగా రాయండి. కాగితం నున్నగా ఉండి పెన్సిల్ పట్టకపోతే చిన్న కాగితం మీద రాసి కవరులో పెట్టండి. రాసే ముందు ఆమెకి ఫోన్ చేసి పేరు ఇంకోసారి అడగండి. షూటింగు రోజు చెప్పినది కొందరు మార్చుకుంటారు.